ఊపిరికోటలో మూడో తుమ్ము

గండశిల కనుమలో కొండచరియ విరిగింది.

మొదట గులకరాళ్ళు జారాయి. వాటి వెనక గుమ్మడికాయలంత రాళ్ళు దొర్లాయి. పేరన్న తలెత్తి చూసేసరికి ఏనుగులంత బండలు సూటిగా తమ నెత్తి మీదికే దిగుతున్నాయి. పరుగెత్తడానికి దారి ఉంది గాని, పక్కనున్న అతని భార్య చెంగల్వకు పరుగెత్తే కాళ్ళు లేవు. వాళ్ళ పెళ్ళయి మూడు నెలలు. పెళ్ళినాటికి ఆమెకు పందొమ్మిదేళ్ళు. ఈ పొద్దుటికి ఎనభై తొమ్మిది.

"ఏంటి మామా, గుడ్లప్పగించి చూస్తావు? ఊపిరి పట్టు!" అని అరిచింది చెంగల్వ.

పేరన్న ఎడమచేత్తో ఆమె మణికట్టు పట్టుకున్నాడు. కుడి బొటనవేలితో కుడి ముక్కుపుటం మూశాడు. ఎడమ ముక్కుతో గాలి లాగాడు. బొడ్డు దాకా, మోకాళ్ళ దాకా, అరికాళ్ళ దాకా లాగి, బిగబట్టాడు.

కాలం ఆగిపోయింది.

బండలు పడుతున్నవి పడుతున్నట్టే గాలిలో నిలిచాయి. వాటి నడుమ లేచిన ఎర్రదుమ్ములో ఉదయపు కిరణాలు బంగారు పోగుల్లా బిగుసుకున్నాయి. కనుమ అంచు నుంచి దూకుతున్న జలపాతం గంజి పెట్టి ఆరేసిన పంచెలా వేలాడింది. దాని తుంపరలు ముత్యాలై, పచ్చలై, కెంపులై, ఎక్కడివక్కడే మెరుస్తున్నాయి. పారిపోతున్న కుందేలుకు నాలుగు కాళ్ళూ నేల మీద లేవు. కొండంత నిశ్శబ్దం పరుచుకుంది. ఆ నిశ్శబ్దంలో ఒకే ఒక్క చప్పుడు, చెంగల్వ నోరు.

"అలా పక్కకు తప్పుకో. ఇదిగో, ఈ బండ మీద కాలేసి ఎక్కుదాం, మెట్టులాగే ఉంది. చూశావా, మూడు నెలల కాపురంలో నేను మాట్లాడుతుంటే నువ్వు అడ్డం రాకుండా వినడం ఇదే మొదలు. మీ అమ్మ నాకు పెట్టిన పట్టుచీర సంగతి కూడా ఇప్పుడే చెప్పేస్తాను, విను."

పేరన్న వినక ఏం చేస్తాడు! ఊపిరి పట్టినవాడు నోరు విప్పకూడదు. వేలాడుతున్న రాళ్ళ మీద అడుగులేస్తూ, పట్టుచీర అంచు ఎంత సన్నమో ఆమూలాగ్రం వింటూ, కనుమ దాటి అవతలి గట్టు మీద దిగి, అప్పుడు ఊపిరి వదిలాడు. వాళ్ళ వెనక కొండ ఒక్కసారిగా కూలింది.

"ఆ చీర కొన్నది అమ్మ కాదు, నేను," అన్నాడు పేరన్న రొప్పుతూ.

"అయితే మరీ దారుణం," అంది చెంగల్వ.

ఇద్దరూ ఆగకుండా నడిచారు. ఆగడానికి వీల్లేదు. పొద్దు అప్పుడే చెట్ల పైకి వచ్చేసింది.

ఇదంతా ఒక ఆవులింతతో మొదలైంది. రత్నమేఖలా నగరంలో వసంతోత్సవం నాడు జృంభకుడనే మాంత్రికుడు పండితుడి వేషంలో రాజసభకు వచ్చాడు. రాజుగారి మీద నూట ఎనిమిది పద్యాలు చదివాడు. తొంభయ్యో పద్యం దగ్గర శంఖం ఒకటి నోటి ముందు పెట్టుకుని పెద్దగా ఆవులించాడు. దండల బుట్టతో నిలబడి ఉన్న చెంగల్వకు కూడా ఆవులింత వచ్చింది. అంతే, ఆమె పాపిట్లో ఒక వెంట్రుక తెల్లబడింది. వాడి ఆవులింత అంటుకుని ఎవరు ఆవులిస్తే వాళ్ళ ఆయుష్షు వాడి శంఖంలోకి పోతుంది. అక్కడి నుంచి పొద్దు కుంకినప్పుడల్లా మనిషికి పదేళ్ళు కుంకుతాయి. ఏడు పొద్దులయ్యాయి. ఎనిమిదోది ఈ సాయంత్రం. అది కుంకితే చెంగల్వ ఉండదు.

పేరన్న రాజాస్థానం సన్నాయి మేళంలో శ్రుతిగాడు. మిగతావాళ్ళు రాగాలు వాయిస్తుంటే వెనక కూర్చుని శ్రుతిబూరలో ఒకే స్వరం తెగకుండా ఊదడం అతని పని. బుగ్గల్లో దాచుకున్న గాలితో ఊదుతూనే ముక్కుతో కొత్త గాలి తీసుకోవాలి. ఏడో ఏట మొదలుపెట్టి పద్దెనిమిదేళ్ళుగా అదే స్వరం ఊదుతున్నాడు. కచేరీ అయ్యాక శాలువాలు ముందువరసలోనే ఆగిపోయేవి. కాని జలపాతం వెనక గుహలో ఉండే నిశ్శ్వాసముని మాత్రం అతని బుగ్గలు చూసి ముచ్చటపడ్డాడు.

"వేదం చదివినవాళ్ళొచ్చారు, మల్లయోధులొచ్చారు. కాలాన్ని ఆపే ఈ కాలకుంభకం ఎవరికీ పట్టుబడలేదు. నీకు గుండెల్లో ఒక ఊపిరి, బుగ్గల్లో ఇంకో ఊపిరి ఉన్నాయి నాయనా," అని మూడు రోజుల్లో విద్య నేర్పాడు. నేర్పి మూడు సంగతులు చెప్పాడు. "ఊపిరి పట్టినంతసేపు నువ్వూ, నువ్వు పట్టుకున్నవాళ్ళూ తప్ప లోకమంతా ఆగుతుంది. ఒకసారి వదిలితే గడియ దాటనిదే మళ్ళీ పట్టలేవు. అసలు సంగతి విను. ఆగిన కాలంలో ఊపిరి పట్టినవాడు ఒక్క మాట పలకవచ్చు. ఎవరి మీద పలికితే వాళ్ళకు అది జరిగి తీరుతుంది. జన్మకు ఒక్కసారే. నీ భార్య శంఖం దొరికాక, అది ఆమె చేతిలో ఉండగా 'మరలు' అను. ఆమె ఏళ్ళు ఆమెకు మరలి వస్తాయి. పులి మీద పడ్డా, పాము కరిచినా, ఆ మాట తప్ప మరో మాట నోట రానివ్వకు."

పాపం ముని పులిని తలుచుకున్నాడు, పామును తలుచుకున్నాడు. ఇంకొకటి తలుచుకోవడం మరిచిపోయాడు.

బయలుదేరేటప్పుడు నశ్యం పొట్లం ఒకటి చేతిలో పెట్టి, "ఆవులింతకు అన్న ఉన్నాడు గాని తుమ్ముకు తమ్ముడు లేడు. ఆ కోటలో ఆవులింత వస్తే ఇది పీల్చండి, తుమ్ము వచ్చి దాన్ని తరిమేస్తుంది," అని సాగనంపాడు.

మధ్యాహ్నానికి ఊపిరికోట కనిపించింది. నల్లరాతి కోట. దాని బురుజులకు వేల కన్నాలు. గాలి ఆ కన్నాల్లో దూరి బయటికి వస్తుంటే కోట మొత్తం గుర్రుపెడుతున్నట్టు వినిపిస్తోంది. గోడల మీద పాకిన నీలిపూల తీగలు గాలి లోపలికి పోయినప్పుడు గోడకు అతుక్కుని, బయటికి వచ్చినప్పుడు ఇవతలికి ఊగుతున్నాయి. ద్వారానికి దంతపు తలుపులు, వాటి మీద వెండితో పోసిన నోళ్ళు. ఒక్కొక్క నోరు చూస్తుంటే మన నోరు కూడా తెరుచుకోబోతుంది.

ద్వారం దగ్గర కాపలావాడు అడ్డం వచ్చాడు. మీసం ముగ్గుబుట్ట. గొంతు మాత్రం ఇరవై ఏళ్ళ కుర్రవాడిది. "ఎవర్రా మీరు?"

"శ్రుతి వాయించేవాణ్ణి. ఏలినవారికి నిద్ర పట్టడం లేదట గదా, నిద్ర పుచ్చగలవాడు రావచ్చని దండోరా వేయించారట. ఈమె మా అవ్వ," అన్నాడు పేరన్న.

చెంగల్వ అతని కాలు తొక్కింది. వేషం వేసుకుందామన్నది తనే అయినా, ఆ మాట విన్నప్పుడల్లా ఆమెకు ఒళ్ళు మండుతోంది.

"అవ్వా? నీ పోలికలేం లేవే," అన్నాడు కాపలావాడు అనుమానంగా.

"వాడిది తాత పోలిక," అంది చెంగల్వ. "ఆయనా ఇంతే, చెప్పిన మాట వినేవాడు కాడు."

కాపలావాడు నవ్వబోయాడు. అంతలో కోట లోపల ఎక్కడో ఆవులింత లేచింది. లోపలి వాకిలి కాపలావాడు దాన్ని అందుకున్నాడు. అతని నుంచి నడిమి వాకిలివాడు అందుకున్నాడు. నీళ్ళ బిందెలు చేతులు మారినట్టు ఆ ఆవులింత వాకిలి వాకిలీ దాటి వచ్చి, వీళ్ళ ముందున్నవాడి దవడలు విప్పింది. పేరన్నకు చెవుల కింద నరాలు లాగాయి. చెంగల్వ పెదవులు విడిపోతున్నాయి. ఆమెకు మిగిలిన ఆయుష్షు సాయంత్రం వరకే. ఇప్పుడు ఆవులిస్తే అదీ ఉండదు.

పేరన్న ఒక చిటికెడు తన ముక్కులో దోపుకుని, పొట్లం ఆమె ముక్కు కింద పెట్టాడు. ఆమెకు ఏదైనా కాస్త తీసుకోవడం చేతకాదు. ఉన్నదంతా ఒక్క పీల్పున లాగేసింది. పేరన్న ఒకసారి తుమ్మి ఊరుకున్నాడు.

"హాఛ్!" అంది చెంగల్వ.

"చిరంజీవ!" అన్నాడు పేరన్న. కాపలావాడు కూడా ఆవులింత మధ్యలో ఆపి, "చిరంజీవ!" అన్నాడు. ఆ రాజ్యాల్లో అంతే. తుమ్మినవాడు శత్రువైనా సరే, విన్నవాడు చిరంజీవ అనాలి. అనకపోతే ఆ కీడు విన్నవాడికి చుట్టుకుంటుందని ఉగ్గుపాలతోనే నేర్పుతారు. పేరన్న తల్లి అయితే మరిచిపోయినప్పుడల్లా గరిటెతో నేర్పింది.

"హాఛ్!"

"చిరంజీవ! జంట తుమ్ములు శుభమే. పొండి లోపలికి," అని కాపలావాడు తప్పుకున్నాడు.

మూడోది వస్తానని రాకుండా చెంగల్వ ముక్కులోనే కూర్చుంది. ఆమె ముక్కు నలుపుకుంటూ లోపలికి నడిచింది.

జృంభకుడు పాలరాతి మంటపంలో హంసతూలికా తల్పం మీద పొర్లుతున్నాడు. చూడటానికి నవనవలాడే యువకుడు. కళ్ళు మాత్రం అరిగిపోయిన ముసలి కళ్ళు. వెయ్యేళ్ళ పరాయి ఆయుష్షు మింగినవాడికి ఒక్క కునుకు కరువైంది. మంటపం మూడు గోడలకూ నేల నుంచి కప్పు దాకా గూళ్ళు, గూటికొక శంఖం, మూతికి లక్క.

"ఏం రాగాలు వచ్చురా నీకు?" అని అడిగాడు.

"ఏవీ రావు ప్రభూ."

"తాళం?"

"లేదు."

"మరేమొచ్చు?"

"ఆపకపోవడం వచ్చు."

జృంభకుడికి ఆ జవాబు నచ్చింది. పేరన్న శ్రుతిబూర అందుకుని తన ఒక్క స్వరం మొదలుపెట్టాడు. జాము గడిచింది. జృంభకుడు ఇటు నుంచి అటు తిరిగాడు. ఇంకో అరజాము గడిచింది. అటు నుంచి ఇటు తిరిగాడు. కిటికీ నీడ నేల మీద జానెడు జరిగింది, మూరెడు జరిగింది. స్తంభానికి ఆనుకున్న చెంగల్వకు ఎగశ్వాస మొదలైంది. పేరన్న స్వరం వణకనివ్వలేదు. పడుకోరా, పడుకోరా నీ అమ్మ కడుపు కాలా, అని ప్రతి ఊపిరికీ తిట్టుకుంటూ ఊదాడు.

బారెడు పొద్దు ఉందనగా జృంభకుడు గుర్రుపెట్టాడు.

జృంభకుడికీ కాలకుంభకం తెలుసు. అది తెలిసినవాడు మెలకువగా ఉంటే ఎవరు కాలం ఆపినా వాడు ఆగడు. నిద్రలో ఉంటే అందరిలాగే ఆగుతాడు. పేరన్న బూర దించి, చెంగల్వ చెయ్యి పట్టుకుని, ఊపిరి లాగి బిగించాడు. గుర్రు సగంలో నిలిచిపోయింది. ధూపం పొగ మెలికలు మెలికలుగా గాలిలో గడ్డకట్టింది.

"రా," అంది చెంగల్వ. ఎవరి ఊపిరిని వాళ్ళే గుర్తుపట్టాలి. ఆమె ఒక్కొక్క శంఖాన్నీ చెవికి ఆనించుకోసాగింది. "ఇది ఎవరిదో, దగ్గుతున్నాడు. ఇందులో పసిపిల్ల, జోల పాడించుకుంటోంది. అయ్యో తల్లీ! ఇది కాదు. ఇదీ కాదు." మొదటి గోడ అయింది. రెండో గోడ అయింది. పేరన్న గుండెలు పగిలిపోయేలా ఉన్నాయి. గుండెల్లో ఊపిరి అయిపోతే బుగ్గల్లోది దించుకున్నాడు. కళ్ళ ముందు ఎర్రని చుక్కలు ఆడుతున్నాయి.

మూడో గోడ, అడుగు వరస, మూల గూడు. చెంగల్వ అక్కడ ఆగిపోయింది. ముడతల ముఖం మీద కన్నీళ్ళు జారాయి.

"మామా, నేనే! దండ కట్టి, దారం పళ్ళతో పుటుక్కున తెంపుతున్నాను. విను, ఇది నా పళ్ళ చప్పుడు. నా పళ్ళు మామా!"

ఇప్పుడామెకు పళ్ళు లేవు. పేరన్నకు ఏడుపు వచ్చింది. ఏడిస్తే ఊపిరి పోతుందని మింగేశాడు. చెంగల్వ గోటితో లక్క గీకింది. లక్క పొడి లేచింది. శంఖం మూతి కొంచెం తెరుచుకుని, లోపలి నుంచి మల్లెపూల వాసన బయటికి వచ్చింది. పేరన్న పెదవులు 'మ' కోసం కలుసుకున్నాయి.

చెంగల్వ ముక్కు ముడతపడింది.

"హాఛ్!"

"చిరంజీవ!" అన్నాడు పేరన్న.

అన్న తరువాత గాని ఏమన్నాడో అతనికి తెలియలేదు. చెంగల్వ కళ్ళు పెద్దవి చేసుకుని అతన్ని చూసింది. ఆమె ఎగశ్వాస టక్కున ఆగిపోయింది. గుండె కుదురుగా, తీరిగ్గా కొట్టుకోసాగింది, ఇక ఎన్నటికీ ఆగే పని లేనట్టు. జుట్టు నల్లబడలేదు. ముడత ఒక్కటీ పోలేదు. ఎనభై తొమ్మిదేళ్ళ చెంగల్వ ఎనభై తొమ్మిదేళ్ళతోనే చిరంజీవి అయింది.

శంఖం మూతికి ఆమె బొటనవేలు అడ్డం పెట్టింది. "నూరేళ్ళు అన్నా సరిపోయేది కదయ్యా!" అంది పీలగా. "నీ నోటికి ఇంకో దీవెన దొరకలేదా?"

పేరన్న ఊపిరి వదిలేసి నెత్తి కొట్టుకున్నాడు. "అలవాటే! పాడు అలవాటు! జన్మకొక్క మాట, దాన్ని తుమ్ముకు తగలేశాను!"

"ఎవడ్రా శ్రుతి ఆపింది?"

జృంభకుడు తల్పం మీద లేచి కూర్చున్నాడు. చెంగల్వను చూశాడు. ఆ విద్యలో తలపండినవాడు కాబట్టి ఒక్క చూపులో గ్రహించాడు. పగలబడి నవ్వాడు. "చావులేని ముసలిది! ఓరి పిచ్చివాడా, ఎంత తోడినా తరగని ఊటను తెచ్చి నా వాకిట్లో పెట్టావు! పట్టుకోండి దాన్ని!"

పేరన్న చెంగల్వను వీపున వేసుకుని పరుగు తీశాడు. కాపలావాళ్ళు నలభైమంది వెంటపడ్డారు గాని, ఆ కోటలో గట్టి మోకాళ్ళున్నవాడు పేరన్న ఒక్కడే. రెండు వాకిళ్ళు దాటాడు. మూడోదాని తలుపులు మూసుకుపోయాయి. పక్కనున్న మెట్లెక్కాడు. మెట్లు బురుజు మీదికి తీసుకెళ్ళి వదిలాయి. ముందు నలభై మూరల లోతు, అడుగున రెల్లు దుబ్బు, దాని చుట్టూ రాళ్ళు. వెనక మెట్ల మీద జృంభకుడి పాదుకలు. గడియ ఇంకా దాటలేదు, ఊపిరి పట్టడానికి వీల్లేదు.

"అయిపోయాం," అన్నాడు పేరన్న.

"నువ్వు అయిపోతావు. నేను అవను, నీ పుణ్యమా అని," అంది చెంగల్వ. "జన్మకొక్క మాట అన్నాడు గదా ముని. నీ మాట పోయింది, నా మాట ఉంది. ఆ ఊపిరేదో నేనే నేర్చుకుని, 'మరలు' అని నేనే అనుకుంటాను. నాకేం తొందర, కావలసినంత కాలం ఉంది. ముందు దించు నన్ను."

దిగి, శంఖం గుండెలకు అదుముకుని, మారుమాట లేకుండా ఆమె బురుజు మీంచి దూకేసింది.

పేరన్న కెవ్వుమన్నాడు. కింద రెల్లు విరిగిన చప్పుడైంది. పేరన్న అంచు మీంచి వంగి చూశాడు.

"చావనన్నావు గాని నొప్పెట్టదనలేదు కదా!" అని కింది నుంచి కేక వచ్చింది. "నా మీదికి దూకు మామా! మెత్తగానే ఉన్నాను!"

జృంభకుడు ఆఖరి మెట్టు ఎక్కాడు. కొత్త శంఖం నోటి ముందు పెట్టుకుని నిదానంగా ఆవులించాడు. పేరన్న చెయ్యి నడుముకు పోయింది. నశ్యం పొట్లం ఖాళీ. ముఖం తిప్పుకుని దూకాడు. గాలిలో ఉండగా అతని దవడలు తెరుచుకున్నాయి.

ఆ ఆవులింత నేలకు తగిలేదాకా సాగింది.

రెల్లులో, చెంగల్వ ఒళ్ళో పడి కళ్ళు తెరిచాడు. ఆమె అతని ముఖంలోకి వంగి చూసింది. నల్లని మీసంలో ఒక వెంట్రుక తెల్లగా మెరుస్తోంది.

"ఇంకేం, ఈడూ జోడూ కుదిరిపోతుంది," అని నవ్వింది చెంగల్వ.

నవ్వుతూనే పడమటి వైపు చూసింది. కొండ మీద సూర్యుడు సగం కుంకాడు. చూస్తుండగానే మిగతా సగమూ కుంకాడు. తనకేమీ కాలేదు. ఆమె చేతి కింద పేరన్న నుదుటి మీద ఒక గీత పడింది. పాతికేళ్ళవాడు ముప్ఫై అయిదేళ్ళవాడయ్యాడు. చెంగల్వ నవ్వు ఆగిపోయింది. వేళ్ళ మీద పొద్దులు లెక్కపెట్టింది. ఏడో వేలితో లెక్క అయిపోయింది. కాలమంతా తన దగ్గరే ఉంది, అతని దగ్గర లేదు.

పైన కోట ద్వారం కిర్రుమంది. కాగడాలు బయటికి వస్తున్నాయి. చెంగల్వ ఒక చేతి బొటనవేలు శంఖం మూతి మీద నుంచి తీయకుండా, రెండో చేత్తో అతన్ని లేవదీసి రెల్లులోకి లాక్కుపోయింది.

"నడుస్తూ చెప్పు మామా," అంది. "ముందు ఏ ముక్కు మూయాలి?"